బీడీ కార్మికుల జీవన భృతి: పీఎఫ్ నంబరు దగ్గర ఆగిన పోరాటం

తెలంగాణలో బీడీ కార్మికులకు సర్కారు నెలనెలా ఇచ్చే పింఛన్‌ను జీవన భృతి అంటారు. నిర్మల్, భైంసా బస్తీల్లో దీని పేరు వినని ఇల్లు తక్కువ. మగవాళ్లు గల్ఫ్ బాట పడితే అమ్మీలు, కోడళ్లు చాట ఒళ్లో పెట్టుకుని తునికాకు కత్తిరించి, తంబాకు నింపి, దారం కట్టి ఇల్లు నడిపారు. పర్దా పాటించే ఆడవాళ్లకు గడప దాటకుండా దొరికే పని ఇది. కంపెనీలకూ అదే కలిసొచ్చింది. ఎవరింట్లో వాళ్లు కూర్చుని పని చేస్తుంటే కూలి పెంచమని ఒక్కతాటిపై అడిగేదెవరు? లెక్కేమో వెయ్యి బీడీలకు ఇంత అని. టేకేదారు బాగాలేవని పక్కకు తీసేస్తే ఆ కష్టం పోయినట్టే.

ఇంట్లో చుట్టేవాళ్లు తమ కార్మికులే కాదన్నది యజమానుల పాత వాదన. 1966 నాటి బీడీ, సిగార్ కార్మికుల చట్టం ఇంటి పనివాళ్లనూ లెక్కలోకి తెచ్చింది. ఆ చట్టాన్ని 1974లో సుప్రీంకోర్టు నిలబెట్టింది. 1985లో వాళ్లకు పీఎఫ్ కూడా వర్తిస్తుందని చెప్పింది. చూడ్డానికి చిన్న కాగితమే గానీ, తర్వాత రాజకీయమంతా దాని చుట్టే తిరిగింది.

యూనియన్లు ఏళ్ల తరబడి కూలి కోసం, పింఛన్ కోసం ధర్నాలు చేశాయి. ప్రత్యేక రాష్ట్రం వచ్చాక, 2015 మార్చి నుంచి టీఆర్ఎస్ ప్రభుత్వం నెలకు 1,000 రూపాయల భృతి మొదలుపెట్టింది. 2019లో అది 2,016 అయింది. అయితే 2014 ఫిబ్రవరి 28 నాటికి పీఎఫ్‌లో పేరుండాలని షరతు పెట్టారు. చాలా ఇళ్లల్లో అత్త కార్డు మీదనే కోడలు, ఆడబిడ్డ బీడీలు చేస్తారు. చేతులు ముగ్గురివి, నంబరు ఒకరిది. మిగతా ఇద్దరూ సర్కారు లెక్కలో కార్మికులే కారు.

ఈ కోపం పార్టీలకు తెలియక కాదు. 2018 మేనిఫెస్టోలో టీఆర్ఎస్ ఆ గడువును 2018 దాకా జరుపుతామంది. 2023లో కాంగ్రెస్ చేయూత కింద 4,000 ఇస్తామని బీడీ కార్మికుల పేరూ చేర్చింది. కూలి గొడవ కంపెనీ గేటు దగ్గర్నుంచి ఎన్నికల సభకు మారిందన్నమాట. వెయ్యి బీడీల రేటు మాత్రం ఇప్పటికీ యూనియన్లు, యజమానులు కూర్చుని తేల్చుకోవాల్సిందే.

అలాగని భృతి ఇచ్చిన పార్టీకే ఓట్లు ఖాయం అనుకోవడానికీ లేదు. 2023లో నిర్మల్‌లో మంత్రి ఇంద్రకరణ్ రెడ్డి ఓడిపోయారు. గెలిచింది బీజేపీ అభ్యర్థి మహేశ్వర్ రెడ్డి.